తెలియని హోటల్ పద్దు: అడగడానికి మనకున్న హక్కు

(వెల్గటూరులో మహిళా కార్యకర్తలు, స్వచ్ఛంద సంస్థల సిబ్బంది సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



బ్యాంకు కార్డు లెక్కల్లో మనకు తెలియని హోటల్ పేరు కనబడితే దాన్ని ఎట్లా గుర్తుపట్టాలి, అది మన ఖర్చు కాకపోతే ఆ డబ్బు ఎట్లా వెనక్కి రాబట్టుకోవాలి అన్నది ఇవాళ నాకు అప్పగించిన అంశం. వినగానే ఇది పట్నపు మధ్యతరగతి సమస్య అనిపిస్తుంది. బీడీ కూలి రేట్లు, గల్ఫ్ వలస, ఒంటరి స్త్రీల పింఛన్లు చర్చించుకునే వేదిక మీద హోటల్ బిల్లుకు చోటెక్కడిదని మీలో కొందరైనా అనుకుంటూ ఉండవచ్చు. అందుకని ఇది మన సమస్య ఎట్లా అయిందో ముందు చెబుతాను.

2014 ఆగస్టు 28న జన్‌ధన్ పథకం మొదలైంది. ఆ ఖాతాల్లో సగానికి పైగా స్త్రీల పేరు మీదే ఉన్నాయి. ఖాతాతో పాటు రూపే కార్డు చేతికొచ్చింది. 2015లో మన రాష్ట్రంలో బీడీ కార్మికులకు భృతి మొదలై 2019లో నెలకు రూ.2,016 అయింది. దుబాయి, మస్కట్, దోహాల నుంచి భర్తలు, కొడుకులు పంపే డబ్బు ఖాతాకే వస్తోంది. సంస్థల్లో పనిచేసే మన గౌరవ వేతనాలు, ప్రయాణ ఖర్చులు కూడా ఖాతాకే వస్తున్నాయి. అంటే గత పదేళ్లలో స్త్రీల పేరు మీద ఒక లెక్కల పుస్తకం తయారైంది. పేరు మనది. కానీ ఆ పుస్తకాన్ని చదువుతున్నది ఎవరు? కార్డు ఎవరి జేబులో ఉంది? బ్యాంకు పంపే సమాచారం ఎవరి ఫోనుకు పోతోంది? హోటల్ పద్దు ప్రశ్న ఇక్కడి నుంచే మొదలవుతుంది.

హోటల్ పేరు, ఆడమనిషి పేరు

ఖాతాలో తెలియని ఖర్చులు ఎన్నో రకాలుగా కనబడవచ్చు. పెట్రోలు బంకు పేరు రావచ్చు, బట్టల దుకాణం పేరు రావచ్చు. కానీ హోటల్ పేరు వస్తే దాని తీరే వేరు. మన సమాజంలో మగవాడు హోటల్లో తిన్నాడంటే అది ఆకలికి సంబంధించిన విషయం. ఆడది తిన్నదంటే అది నడవడికకు సంబంధించిన విషయమై కూర్చుంటుంది. ఆమె ఖాతాలో పద్దెనిమిది వందల రూపాయల హోటల్ ఖర్చు కనబడితే ఇంట్లో మొదటి ప్రశ్న "పైసలు ఎట్ల పోయినయి?" అని రాదు. "ఏ హోటల్‌కు పోయినవ్? ఎవరితోని పోయినవ్?" అని వస్తుంది. డబ్బు పోయిన విచారణ కంటే ముందు ఆమె మీద విచారణ మొదలవుతుంది.

ఈ భయంతోనే చాలామంది స్త్రీలు ఆ పద్దు గురించి నోరు విప్పరు. "పోతే పోనీ, పద్దెనిమిది వందలే కదా, లొల్లి ఎందుకు" అనుకుంటారు. అప్పుడు రెండు నష్టాలు జరుగుతాయి. ఒకటి, కార్డు నంబరు దొరికినవాడు మొదట చిన్న మొత్తం తీసి చూస్తాడు. ఎవరూ అడగకపోతే రెండోసారి పెద్ద మొత్తం తీస్తాడు. రెండు, ఫిర్యాదు చేయడానికి రోజుల లెక్క ఉంది. మౌనంగా ఉన్న ప్రతి రోజూ ఆ లెక్కలో పడుతుంది. ఇవాళ నేను చెప్పదలచుకున్నది ఇదే: మనకు తెలియని హోటల్ పద్దు డబ్బుకు సంబంధించిన ప్రశ్న మాత్రమే. దాన్ని శీలం ప్రశ్నగా మార్చనిస్తే, మార్చినవాళ్లకు ఏమీ కాదు, పైసలు పోయేది మనకే.

ఇళ్లను మాత్రమే తప్పుపట్టి ఊరుకోవడం న్యాయం కాదు. మన సంస్థల్లో కూడా ఇదే జరుగుతుంది. సంస్థ కార్డు మీద తెలియని హోటల్ పద్దు కనబడితే అనుమానం మొదట ఎవరి మీదికి పోతుంది? ఊళ్లు తిరిగే, తక్కువ జీతానికి పనిచేసే కార్యకర్త మీదికి. డైరెక్టరు మీదికి పోదు. పద్దు ఎక్కడి నుంచి వచ్చిందో తేల్చుకోకముందే మనిషిని నిలదీయడం ఇంట్లో తప్పయితే ఆఫీసులో కూడా తప్పే.

పద్దును చదవడం

ఈ మండలంలోని కోటిలింగాలలో శాతవాహనుల నాణేలు, వారికంటే ముందటి రాజుల నాణేలు దొరికాయని మీకందరికీ తెలుసు. ఆ నాణేల మీద రాజు పేరు ఉంటుంది కాబట్టి అది ఎవరు వేయించిందో చెప్పగలుగుతున్నారు. కార్డు స్టేట్‌మెంట్‌లో కూడా పేరు ఉంటుంది గానీ, అది మనం బోర్డు మీద చూసిన పేరే కావాలని లేదు. అందుకే ముందు ఆ వరుసను చదవడం నేర్చుకోవాలి.

ఒక్కో పద్దులో సాధారణంగా తారీఖు, వ్యాపారి పేరు, ఊరు పేరు, ఒక రిఫరెన్సు నంబరు, మొత్తం ఉంటాయి. తారీఖులు రెండు ఉండవచ్చు. ఒకటి కార్డు వాడిన రోజు, రెండోది బ్యాంకు లెక్కకెక్కిన రోజు. శనివారం రాత్రి తిన్న భోజనం సోమవారమో మంగళవారమో ఎక్కవచ్చు. "మంగళవారం నేను ఇల్లు కదలలేదు" అని గాబరా పడేముందు ఆ వారం మొత్తం గుర్తు తెచ్చుకోవాలి.

వ్యాపారి పేరు మారడానికి కారణాలు చాలా ఉన్నాయి. హోటల్ బోర్డు మీద ఒక పేరు ఉంటుంది, లైసెన్సు యజమాని పేరుతోనో కంపెనీ పేరుతోనో ఉంటుంది. స్వైప్ మిషన్ ఏ పేరుతో తీసుకుంటే స్టేట్‌మెంట్‌లో ఆ పేరే వస్తుంది. పేరు పొడుగైతే సగంలో తెగిపోతుంది. పెద్ద హోటళ్ల కంపెనీలయితే ఊరి పేరు దగ్గర మనం తిన్న ఊరు కాకుండా వాళ్ల ప్రధాన కార్యాలయం ఉన్న ఊరు రావచ్చు. జగిత్యాలలో తింటే బెంగుళూరు అని కనబడవచ్చు.

ఫోనులో ఆర్డరు చేసి తెప్పించుకున్న భోజనానికి అసలు హోటల్ పేరే రాకపోవచ్చు. తెచ్చిన కంపెనీ పేరో, మధ్యలో డబ్బు వసూలు చేసిపెట్టే సంస్థ పేరో వస్తుంది. కంపెనీల పేర్లు కూడా మారుతుంటాయి. స్విగ్గీ నడిపే కంపెనీ 2024 దాకా బండిల్ టెక్నాలజీస్ పేరుతో ఉండేది. జొమాటో కంపెనీ 2025లో ఎటర్నల్ అని పేరు మార్చుకుంది. హైదరాబాదులో చదువుకుంటున్న బిడ్డ అమ్మ కార్డు నంబరు తన ఫోనులో పెట్టుకుని అన్నం తెప్పించుకుంటే, ఇక్కడ అమ్మ స్టేట్‌మెంట్‌లో ఎప్పుడూ వినని కంపెనీ పేరు కనబడుతుంది. అది దొంగతనం కాదు. కానీ అమ్మకు చెప్పి చేయవలసిన ఖర్చు.

మొత్తం తేడా రావడానికి వేరే కారణాలు ఉన్నాయి. "సర్వర్ పోయింది, మళ్లొకసారి కొడతం అక్కా" అని రెండుసార్లు కార్డు పెడితే రెండుసార్లూ డబ్బు పోయి ఉండవచ్చు. మిషన్‌లో అంకె తప్పు కొట్టి ఉండవచ్చు. అమెరికాలో పిల్లల దగ్గరికి వెళ్లి అక్కడి హోటళ్లలో కార్డు వాడిన వాళ్లకు ఇంకొక అనుభవం ఉంటుంది. అక్కడ కార్డు తీసుకున్న తర్వాత కాగితం మీద టిప్పు రాసి సంతకం చేస్తారు. ముందు వచ్చిన మెసేజిలో ఒక మొత్తం, చివరికి ఎక్కిన లెక్కలో దానికంటే ఎక్కువ మొత్తం కనబడుతుంది.

ఇక తెలియని పద్దు గుర్తుపట్టడానికి వరుస ఇది. మొదట ఆ వారంలో ఎక్కడెక్కడికి వెళ్లామో రాసుకోవాలి. రెండోది, బ్యాంకు పంపిన మెసేజిలో తారీఖుతో పాటు సమయం ఉంటే చూడాలి. మూడోది, దాచిన బిల్లులూ మిషన్ నుంచి వచ్చే చిన్న కాగితాలూ తీసి మొత్తాలు పోల్చాలి. నాలుగోది, కార్డు వాడే వీలున్న వాళ్లను అడగాలి. ఐదోది, ఆ రోజు వెళ్లిన హోటల్‌కు ఫోను చేసి "మీ స్వైప్ మిషన్ ఏ పేరు మీద ఉంది?" అని అడగాలి. ఇవన్నీ ఒక గంటలో అయ్యే పనులు. ఆ గంట దాటినా తేలకపోతే ఇంకా వెతుకుతూ కూర్చోవద్దు. బ్యాంకుకు చెప్పాలి. ఎందుకో ఇప్పుడు చూద్దాం.

మూడు రోజుల లెక్క

2017 జులై 6న రిజర్వు బ్యాంకు ఒక సర్క్యులర్ ఇచ్చింది. ఖాతాదారు అనుమతి లేకుండా జరిగిన ఎలక్ట్రానిక్ లావాదేవీల్లో నష్టం ఎవరు భరించాలన్నది అందులో చెప్పింది. సహకార బ్యాంకులకు కూడా అదే ఏడాది డిసెంబరులో ఇటువంటి నియమాలే ఇచ్చింది. వీటిలో మార్పులు వస్తూ ఉంటాయి కనుక శాఖకు వెళ్లినప్పుడు తాజా నియమ పత్రం చూపించమని అడగండి. 2017 నాటి ఆ లెక్క ఇట్లా ఉంది.

తప్పు బ్యాంకుదే అయితే, ఖాతాదారు ఎప్పుడు చెప్పినా నష్టం ఆమెది కాదు. తప్పు బ్యాంకుదీ కాదు, ఆమెదీ కాదు, మధ్యలో ఇంకెక్కడో జరిగిందనుకుందాం. ఉదాహరణకు ఒక హోటల్లో కార్డు నంబరు ఎవరో రాసుకుని వాడుకున్నారు. అప్పుడు బ్యాంకు సమాచారం అందిన తర్వాత మూడు పనిదినాల్లోపు చెబితే ఆమె మీద ఒక్క రూపాయి కూడా పడదు. సమాచారం అందిన రోజును లెక్కలో వేయరు. సోమవారం మెసేజి వస్తే మంగళ, బుధ, గురువారాలు మూడు రోజులు.

నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య చెబితే ఆమె భరించవలసిన దానికి ఒక హద్దు ఉంది. జన్‌ధన్ వంటి ప్రాథమిక పొదుపు ఖాతాలకు రూ.5,000, మామూలు పొదుపు ఖాతాలకు రూ.10,000. లేదా పోయిన మొత్తం, ఈ రెంటిలో ఏది తక్కువైతే అది. ఏడు రోజులు దాటితే బ్యాంకు తన విధానం ప్రకారం చేస్తుంది.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. ఈ హద్దు పెద్ద మొత్తం పోగొట్టుకున్నవాళ్లను కాపాడుతుంది. యాభై వేలు పోయిన మనిషికి ఐదు వేల దగ్గర నష్టం ఆగుతుంది. కానీ హోటల్ బిల్లు పద్దెనిమిది వందలు. అది ఐదు వేల కంటే తక్కువ. అంటే నాలుగో రోజున చెబితే పద్దెనిమిది వందలకు పద్దెనిమిది వందలూ ఆమె మీదే పడవచ్చు. చిన్న మొత్తాలకు ఆ మూడు రోజులే సర్వస్వం. ఇంట్లో ఏమంటారో అని మూడు రాత్రులు మథనపడే స్త్రీకి ఈ నియమం ఇచ్చిన రక్షణ ఆ మథనంలోనే కరిగిపోతుంది.

ఆ సర్క్యులర్లో మనకు పనికొచ్చే మాటలు ఇంకా ఉన్నాయి. ఫిర్యాదు అందిన పది పనిదినాల్లోపు బ్యాంకు ఆ మొత్తాన్ని తాత్కాలికంగా ఖాతాలో తిరిగి జమ చేయాలి. తొంభై రోజుల్లోపు విషయం తేల్చాలి. అన్నింటికంటే ముఖ్యమైనది, తప్పు ఖాతాదారుదే అని నిరూపించవలసిన బాధ్యత బ్యాంకు మీద ఉంది. "అమ్మా, పిన్ కొట్టినట్టు చూపిస్తుంది, మీవాళ్లే ఎవరో వాడి ఉంటరు" అని కౌంటరు దగ్గర అంటే, "అయితే ఆ రికార్డు నాకు రాతపూర్వకంగా ఇయ్యుండ్రి సార్" అని అడగవచ్చు. పైగా 2021 జనవరి నుంచి రూ.5,000 దాకా పిన్ లేకుండా, కార్డును మిషన్‌కు ఆనిస్తే చాలు, డబ్బు పోయే వీలు వచ్చింది. హోటల్ బిల్లులు ఎక్కువగా ఆ హద్దులోపలివే. కాబట్టి పిన్ ఎవరికీ చెప్పలేదన్నంత మాత్రాన డబ్బు పోదని లేదు. డబ్బు పోయినంత మాత్రాన పిన్ చెప్పిందనీ లేదు.

ఎవరితో వెళ్లారు, ఎందుకు వెళ్లారు అన్న ప్రశ్నలు బ్యాంకుకు అవసరం లేనివి. కార్డు మీ దగ్గరే ఉందా, ఆ లావాదేవీ మీరు చేశారా లేదా, పిన్ గానీ ఓటీపీ గానీ ఎవరికైనా చెప్పారా - వీటికి జవాబిస్తే చాలు.

మూడు రకాల పద్దులు, మూడు దారులు

మనకు నచ్చని ప్రతి పద్దూ మోసం కాదు. అన్నింటినీ ఒకే పేరుతో పిలిస్తే ఫిర్యాదు బలహీనపడుతుంది.

మొదటి రకం, అసలు మనది కాని పద్దు. దీనికి ఇప్పుడు చెప్పిన మూడు రోజుల దారి. మొట్టమొదట కార్డు ఆపించాలి. ఆ తర్వాత ఫిర్యాదు. మోసం జరిగిందని స్పష్టంగా ఉంటే 1930 నంబరుకు కూడా ఫోను చేయాలి. అది సైబర్ నేరాల సహాయ నంబరు.

రెండో రకం, మనం వెళ్లిన హోటలే గానీ మొత్తం తప్పు, లేదా రెండుసార్లు పోయింది. ముందు హోటల్‌నే అడగాలి. రెండోసారి పోయినది వాళ్ల ఖాతాకు చేరితే వాళ్లే వెనక్కి వేయగలరు. వాళ్లు వినకపోతే బిల్లు జతచేసి బ్యాంకులో వివాదం నమోదు చేయాలి. మన డబ్బు పోయి, మిషన్ నుంచి కాగితం రాకుండా లావాదేవీ విఫలమైతే దానికి 2019 సెప్టెంబరు 20న రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఆదేశం ఉంది. లావాదేవీ తర్వాత ఐదు రోజుల్లోపు డబ్బు దానంతట అదే తిరిగి రావాలి. ఆలస్యమైతే రోజుకు వంద రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలి. దీన్ని మనం అడగకముందే బ్యాంకు ఇవ్వాలి, అయినా అడగడం మంచిది.

మూడో రకం, హోటల్ మనదే, మొత్తం మిషన్‌లో కొట్టిందే, కానీ బిల్లులో ఉండకూడనిది ఉంది. దీనికి పెద్ద ఉదాహరణ సర్వీస్ ఛార్జి. విడిగా ఉండే మామూలు రెస్టారెంట్లలో జీఎస్టీ ఐదు శాతం, అది పన్ను, కట్టక తప్పదు. సర్వీస్ ఛార్జి పన్ను కాదు. హోటల్ తనకు తాను వేసుకునేది. 2022 జులై 4న కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ దీన్ని బిల్లులో తమంతట తాము కలపకూడదని మార్గదర్శకాలు ఇచ్చింది. రెస్టారెంట్ల సంఘాలు కోర్టుకు వెళ్లాయి. 2025 మార్చి 28న ఢిల్లీ హైకోర్టు ఆ మార్గదర్శకాలను సమర్థించింది. సంఘాలు దాని మీద అప్పీలుకు వెళ్లాయి. ఇటువంటి బిల్లును డబ్బు ఇవ్వకముందే తీసేయమని అడగాలి. ఇచ్చిన తర్వాత తెలిస్తే 1915 నంబరుకు, అంటే జాతీయ వినియోగదారుల సహాయ కేంద్రానికి చెప్పవచ్చు. బ్యాంకులో దీన్ని మోసమని రాయకూడదు. ఎందుకంటే లావాదేవీ మనం ఒప్పుకుని చేసిందే.

క్రెడిట్ కార్డు వాడే మిత్రులకు ఒక మాట. 2022 ఏప్రిల్‌లో రిజర్వు బ్యాంకు ఇచ్చిన కార్డుల నియమావళి ప్రకారం మోసమని వివాదం పెట్టిన పద్దు మీద అది తేలేదాకా ఛార్జీలు వేయకూడదు. బిల్లును ఖాతాదారు ప్రశ్నిస్తే ముప్పై రోజుల్లోపు ఆధారాలతో వివరణ ఇవ్వాలి. బ్యాంకు ఫోను చేసి "ముందు కట్టేయండి మేడమ్, తర్వాత చూద్దాం" అంటే ఈ నియమాన్ని గుర్తు చేయండి.

ఇంట్లోవాళ్లు వాడిన కార్డు

ఇప్పుడు అన్నింటికంటే కష్టమైన విషయానికి వస్తాను. వెతికి చూస్తే ఆ హోటల్‌కు వెళ్లింది భర్త అనో, మరిది అనో, కొడుకు అనో తేలిందనుకుందాం. కార్డు ఆమెది, పిన్ ఇంటిల్లిపాదికీ తెలుసు. అప్పుడు బ్యాంకు నియమం ఆమెకు సాయం చేయదు. పిన్ ఇతరులకు చెప్పడం ఖాతాదారు నిర్లక్ష్యం కిందికి వస్తుంది. బ్యాంకుకు చెప్పేదాకా జరిగిన నష్టమంతా ఆమెదే. చెప్పిన తర్వాత జరిగేది మాత్రం బ్యాంకుది.

నియమం రాసినవాళ్ల మనసులో ఉన్న ఖాతాదారు తన పిన్ తన దగ్గర దాచుకోగలిగిన స్వతంత్ర వ్యక్తి. మన ఇళ్లలో పిన్ చెప్పకపోవడం అంటే "నా మీద నమ్మకం లేదా?" అన్న మాట పడడం. బస్సెక్కి ఏటీఎం దాకా పోలేని ముసలవ్వ కార్డు మనవడి చేతికి ఇవ్వక ఏం చేస్తుంది? చట్టం దీన్ని నిర్లక్ష్యం అంటుంది. సామాజిక శాస్త్రం దీన్ని పరాధీనత అంటుంది. రెండింటి మధ్య ఉన్న ఈ ఖాళీలోనే స్త్రీల డబ్బు పోతోంది.

ఇక్కడ ఇంకొక చట్టాన్ని గుర్తుంచుకోవాలి. 2005 నాటి గృహహింస నిరోధక చట్టం ఆర్థిక హింసను కూడా హింసగానే గుర్తించింది. స్త్రీకి హక్కుగా రావలసిన డబ్బును ఆమెకు అందకుండా చేయడం అందులోకి వస్తుంది. ఒకసారి బిర్యానీ తిన్నాడని కొడుకు మీద కేసు పెట్టమని నేను చెప్పడం లేదు. కానీ నెలనెలా భృతి డబ్బు, బీడీల కూలి డబ్బు ఆమెకు చూపించకుండా ఖాతా నుంచి తీసుకునే పరిస్థితి ఉంటే అది బ్యాంకు వివాదం కాదు, గృహహింస. రక్షణాధికారి దగ్గరికి, సఖి కేంద్రానికి తీసుకెళ్లవలసిన విషయం. 181 నంబరు దానికే ఉంది. ఏది బ్యాంకుకు తీసుకెళ్లాలో, ఏది రక్షణాధికారికి తీసుకెళ్లాలో విడదీసి చెప్పగలగడం కార్యకర్త పని.

రాసి ఇవ్వడం

నోటిమాటగా చెప్పిన ఫిర్యాదు నీటి మీద రాత. బీడీ కార్ఖానాలో కట్టలు అప్పగించి లెక్క పుస్తకంలో రాయించుకోకుండా ఇంటికి రాము కదా, ఇదీ అంతే. ముందు ఫోనులో కార్డు ఆపించి ఫిర్యాదు నంబరు రాసుకోవాలి. తర్వాత శాఖలో కాగితం ఇచ్చి రెండో ప్రతి మీద ముద్ర, తారీఖు వేయించుకోవాలి. తెలుగులో రాయవచ్చు. ఇట్లా రాస్తే సరిపోతుంది:

"మేనేజర్ గారికి. నా ఖాతా నంబరు చివరి నాలుగు అంకెలు ..., కార్డు చివరి నాలుగు అంకెలు .... తేదీ ... నాడు ... అనే పేరు మీద రూ.... నా ఖాతా నుంచి పోయినట్టు తేదీ ... నాడు నాకు సమాచారం అందింది. ఈ లావాదేవీని నేను గుర్తించలేకపోతున్నాను. నేను చేయలేదు, ఎవరికీ అనుమతి ఇవ్వలేదు. ఆ సమయంలో కార్డు నా దగ్గరే ఉంది. పిన్, ఓటీపీ ఎవరికీ చెప్పలేదు. తేదీ ... నాడు ఫోనులో ఫిర్యాదు చేశాను, నంబరు .... ఈ లావాదేవీకి సంబంధించిన ఛార్జి స్లిప్పు, వ్యాపారి వివరాలు నాకు ఇవ్వాలని, మొత్తాన్ని నియమాల ప్రకారం తాత్కాలికంగా జమ చేయాలని, తేలిన విషయం రాతపూర్వకంగా తెలపాలని కోరుతున్నాను."

ఇందులో నిజం కాని వాక్యం ఏదైనా ఉంటే కొట్టేయాలి. పిన్ చెప్పి ఉంటే చెప్పలేదని రాయకూడదు. "గుర్తించలేకపోతున్నాను" అనే మాట ముఖ్యం. అది ఎవరినీ దొంగ అనదు. తర్వాత అది మన బిడ్డ తెప్పించుకున్న అన్నమే అని తేలితే మర్యాదగా ఫిర్యాదు వెనక్కి తీసుకోవచ్చు.

బ్యాంకు ముప్పై రోజుల్లో జవాబు ఇవ్వకపోయినా, ఇచ్చిన జవాబు న్యాయంగా లేకపోయినా రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు వెళ్లవచ్చు. 2021 నవంబరు 12 నుంచి దేశమంతటికీ ఒకే అంబుడ్స్‌మన్ పద్ధతి వచ్చింది. ఫీజు లేదు, వకీలు అక్కరలేదు. 14448 నంబరుకు ఫోను చేసి ఎట్లా పంపాలో తెలుసుకోవచ్చు. కాగితం మీద ఏ భాషలో రాసి పంపినా తీసుకుంటారని ఆ పథకం మొదలైనప్పుడే ప్రకటించారు. బ్యాంకుకు ఇచ్చిన కాగితం ప్రతి లేకుండా ఇక్కడ పని జరగదు. అందుకే ఆ ముద్ర వేయించుకొమ్మని చెబుతున్నాను. వినియోగదారుల రక్షణ చట్టం, 2019 కింద జిల్లా కమిషన్‌కు వెళ్లే దారి కూడా ఉంది. ఐదు లక్షల లోపు విలువకు అక్కడ ఫీజు లేదు.

మనం చేయవలసింది

1990ల తొలినాళ్లలో నెల్లూరు జిల్లాలో అక్షరాస్యతా కార్యక్రమంలో చదువు నేర్చుకున్న స్త్రీలు తమ వాచకంలోని సారా పాఠం చదివి తమ బతుకు గురించి మాట్లాడుకున్నారు. దూబగుంట నుంచి లేచిన ఆ ఉద్యమం 1993 అక్టోబరు 1న రాష్ట్రమంతటా సారా నిషేధం దాకా వెళ్లింది. చదవడం అన్నది ఒంటరిగా చేసే పనిగా ఉన్నంతకాలం దానికి అంత బలం లేదు. పదిమంది కూర్చుని చదివినప్పుడు బలం వచ్చింది. కార్డు లెక్కలు కూడా అట్లాగే చదవాలి.

కాబట్టి నా సూచనలు నాలుగు. ఒకటి, నెలకోసారి సంఘం సమావేశంలో ఒక అరగంట స్టేట్‌మెంట్లు, పాస్‌పుస్తకాలు చదవడానికి కేటాయించండి. తన లెక్క తాను చదువుకునేటట్టు చూడండి, ఒకరి లెక్క ఇంకొకరు ఆరా తీసేటట్టు కాదు. హోటల్ పద్దు కనబడితే ఎవరూ నవ్వకూడదు, ఎవరితో అని అడగకూడదు. రెండు, ప్రతి సభ్యురాలి ఖాతాకు ఏ ఫోను నంబరు కలిపి ఉందో కనుక్కోండి. మూడు రోజుల లెక్క సమాచారం అందిన దగ్గర్నుంచి మొదలవుతుంది. ఆ సమాచారం గల్ఫ్‌లో ఉన్న భర్త పాత నంబరుకు పోతుంటే ఆమె హక్కు ఆమెకు తెలియకుండానే ముగిసిపోతుంది. నంబరు మార్చడానికి శాఖకు ఆమె వెంట ఒకరు వెళ్లండి.

మూడు, కార్డులో అవసరం లేని తలుపులు మూయించండి. 2020 జనవరిలో రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఆదేశం ప్రకారం విదేశీ వాడకం, ఇంటర్నెట్ వాడకం, ఆనిస్తే డబ్బు పోయే సౌకర్యం ఖాతాదారు ఇష్టం మీద ఆపుకోవచ్చు. ఖర్చుకు ఒక హద్దు పెట్టుకోవచ్చు. హోటల్లో కార్డును వెయిటరు చేతికిచ్చి పంపకండి, మిషన్‌నే బల్ల దగ్గరికి తెమ్మనండి. నాలుగు, మన సంస్థల్లో ఒక నియమం పెట్టుకోండి. కార్డు మీద తెలియని పద్దు వస్తే ముందు బ్యాంకును అడుగుదాం, ఆ తర్వాతే మనుషులను అడుగుదాం.

వెల్గటూరు నుంచి జగిత్యాలకు పోయివచ్చే దారిలో ఒక ఆడమనిషి ఆకలైతే హోటల్లో కూర్చుని అన్నం తినవచ్చు. దానికి ఎవరికీ సంజాయిషీ ఇవ్వనక్కరలేదు. ఆమె తినని అన్నానికి ఆమె ఖాతా నుంచి డబ్బు పోతే మాత్రం సంజాయిషీ ఇవ్వవలసిన వాళ్లు ఉన్నారు. ఆ సంజాయిషీ మూడు రోజుల్లో అడగడం మన పని. ఈ సమావేశం ముగిసేలోపు ప్రతి ఒక్కరూ తమ బ్యాంకు ఫిర్యాదు నంబరు ఒక కాగితం మీద రాసుకుని వెళ్లాలని కోరుతూ సెలవు తీసుకుంటున్నాను.